దించుకున్న ఇల్లు

"ఇది ఇల్లా, గుడ్డలు పెట్టుకునే బీరువానా?" అన్నాడు ఇంజనీరు, భార్య భుజం మీదుగా కంప్యూటర్ తెరలోకి చూస్తూ.

తెర మీద రెండు గదుల ఇల్లు ఒకటి అప్పుడే దిగింది. మేడమీది వాటా. బయట నుంచి ఇనప మెట్లు.

అదొక ఆట. మనుషుల్ని తయారుచేసి, ఇళ్ళల్లో పెట్టి, వాళ్ళ చేత ఉద్యోగాలూ కాపురాలూ చేయించే ఆట. ఇల్లు మనమే కట్టక్కర్లేదు. ఎవరెవరో కట్టి నెట్‌లో పెడతారు. ఆ ఫైలు దించుకుని ఆట ఫోల్డర్లో వేస్తే, ఖాళీ స్థలంలో ఇల్లొచ్చి కూర్చుంటుంది. సామాన్ల ఫైళ్ళు మాత్రం విడిగా దించాలి. ఒకటి మర్చిపోతే, కుర్చీ ఉండాల్సిన చోట ఉత్త నేల కనిపిస్తుంది.

ఆర్నెల్లుగా ఆమెకి అదే కాలక్షేపం. పగలంతా కళ్ళజోళ్ళ షాపులో అద్దాలు అరగదీసి ఫ్రేముల్లో బిగిస్తుంది. సాయంత్రం వంట ముగించి తెర ముందు కూర్చుంటుంది. మొదట్లో ఈతకొలనులున్న బంగళాలు దించేది. ఇంజనీరు వాటినీ వదల్లేదు. "గోడ కింద పునాది లేదు, కప్పు కింద దూలం లేదు, చూసేవాళ్ళకి బుద్ధి లేదు" అనేవాడు.

లోకంలో ఎవరు కట్టిన ఇల్లూ అతనికి నచ్చదు, తను కట్టింది తప్ప. తను కట్టినవి వాటిలో ఉండేవాళ్ళకి నచ్చవు. ఆ సంగతి అతనికి ఎవరూ చెప్పలేదు. చెబితే వినే చెవి అతనికి లేదు.

పదకొండేళ్ళ కిందట సొంతిల్లు కట్టేటప్పుడు, వంటగట్టు కాస్త కిందికి ఉంటే బాగుంటుందని భార్య అడిగింది. "నీ పొడుగుని బట్టి ఇళ్ళు కట్టరు. కొలతలని కొన్ని ఏడుస్తాయి" అన్నాడు మేస్త్రీ ఎదురుగా. మేస్త్రీ తల పక్కకి తిప్పుకుని నవ్వాడు. అప్పట్నుంచీ ఆమె పీట మీద నిలబడి వంట చేస్తోంది.

"రాజభవనాలన్నీ దించి దించి చివరికి ఈ పావురాల గూడా? ఎవడు కట్టాడిది?"

"మా షాపులో బిల్లులు రాసే అక్క చేసి పంపిందండీ."

"చూస్తేనే తెలుస్తోందిలే."

కుర్చీ లాక్కుని పక్కనే కూర్చున్నాడు. తప్పులు పట్టే పని దొరికితే అతనికి ఆకలి కూడా వెయ్యదు.

"పడగ్గది ఎంత?"

"తొమ్మిదీ పదీ."

"తొమ్మిదీ పదిలో డబుల్ కాటు వేశావు. నడిచేదెక్కడ, గోడ మీదా? తీసేసి సింగిల్ కాటు వెయ్యి."

వేసింది.

"బీరువా అక్కడుంటే తలుపు సగమే తెరుచుకుంటుంది. అంతమాత్రం తట్టదా? ఇటు జరుపు."

జరిపింది.

"కిటికీ పడమటికి పెట్టింది ఆ మహాతల్లి. సాయంత్రమయ్యేసరికి ఒళ్ళు మాడిపోతుంది. మందపాటి కర్టెన్ కట్టు."

కట్టింది. ఒక్కో మాటా పక్కనున్న నోటుబుక్కులో రాసుకుంది కూడా.

"ఆటకి నోట్సెందుకే?"

"మర్చిపోతానండీ."

"నీ బుర్రకి అదీ అవసరమేలే."

మర్నాడు ఆ ఇంటిని తీసేసి, ఇంకేం తప్పులున్నాయో చూడమంటూ మళ్ళీ మొదటి నుంచీ దించింది. ఆ మర్నాడూ అంతే. ఇంజనీరు రోజూ సైటు నుంచి రాగానే కాళ్ళు కడుక్కుని తెర ముందుకొచ్చేవాడు. వారం తిరిగేసరికి నీళ్ళ గొట్టం ఎటు నుంచి రావాలో, స్టవ్ పక్కన సిలిండరు ఎక్కడుంటే ప్రమాదం లేదో, వీధి తలుపుకి లోపల ఎన్ని గడియలుండాలో అన్నీ చెప్పేశాడు. చెప్పిన ప్రతిసారీ ఓ తిట్టు కలిపే చెప్పాడు.

ఒక్క విషయంలో మాత్రం ఆమె అతని మాట వినలేదు.

"ఈ వంటగట్టేంటి, మరుగుజ్జుల కోసం కట్టారా? ఎత్తు పెంచు."

"అదలా ఉండనివ్వండి. దానికోసం వేరే ఫైలు వెతికి మరీ దించాను."

"నీ ఖర్మ" అని వదిలేశాడు. ఆటలో గట్టు గురించి గొడవ పడేంత తీరిక లేదని తనకి తనే గొప్పగా చెప్పుకున్నాడు.

ఆదివారం పొద్దున చెల్లెలు ఫోన్ చేసింది. అతను స్పీకర్ నొక్కాడు, భార్యకి వినపడేలా.

"వదిన ఏం చేస్తోందన్నయ్యా?"

"మీ వదిన ఇళ్ళు కడుతోందమ్మా. గోడకి మేకు కొట్టడం రాదు కానీ, మేడలు దించుతోంది."

చెల్లెలు పకపకా నవ్వింది. "నువ్వు పక్కన లేకపోతే ఆ మేడ కూలిపోతుందేమో చూసుకో."

"అదే కదా నా బాధ."

ఫోన్ పెట్టేసి చివరిసారి ఇల్లంతా కలియజూశాడు. తెర మీద దాన్ని ఓ మూల నుంచి ఇంకో మూలకి తిప్పించి చూశాడు. వేలు పెట్టడానికి ఎక్కడా ఏమీ మిగల్లేదు. కొంచెం నిరాశ కలిగింది కూడా.

"ఇప్పుడు మనిషన్నవాడు కాలు పెట్టొచ్చు. దీన్ని గీసినవాళ్ళ కంటే నేనే ఎక్కువ కష్టపడ్డాను."

"అవునండీ" అంది ఆమె, నోటుబుక్కు మూసి. "మీరు చెప్పకపోతే నాకు ఇవన్నీ తెలిసేవి కావు."

పెళ్ళయ్యాక ఆమె నోట అతను విన్న మొదటి మెచ్చుకోలు అదే. అతనికి అది వింతగా తోచలేదు. ఇన్నాళ్ళకి తెలుసుకుందని మాత్రం అనుకున్నాడు.

సోమవారం అతను సైటుకి బయల్దేరిన పావుగంటకి సామాన్ల బండి వచ్చి ఆగితే, ఆమె తన సామాను ఎక్కించి, డ్రైవరుకి బిల్లులు రాసే అక్క వాళ్ళ మేడమీదున్న ఆ రెండు గదుల ఇంటి అడ్రసు చెప్పి ముందు సీట్లో ఎక్కి కూర్చుంది.