పేజర్ మోగాక

ఆట ముగియడానికి రెండు నిమిషాలుందనగా, ఎక్కడో మంటలంటూ ఫైర్‌వాళ్ల బెంచీ మీద పేజర్లు మోగాయి. పిల్లల ఆసుపత్రి విరాళాల కోసం పోలీసులతో ఏటా ఆడే ఐస్ హాకీ అది. స్కోరు మూడు మూడు. ఫైర్‌వాళ్లు స్కేట్లు విప్పి ట్రక్కు వైపు పరుగెత్తారు.

వాళ్లలో క్లేటన్ ఒక్కడే మంచు మీద మిగిలాడు.

“గోల్ కొట్టందే కదలవా తమ్ముడూ?” పోలీసుల గోల్‌కీపర్ నోరీన్ వెక్కిరించింది.

అతను దగ్గరికొచ్చాడు. “నా పేజర్ తీసేసుకున్నారక్కా. పొగ ఊపిరితిత్తుల్ని తినేసిందట.”

“ఎప్పుడు?”

“సోమవారం. అమ్మకి చెప్పకు.” కర్రతో పక్ బిళ్లని అటూ ఇటూ నెడుతూనే ఉన్నాడు. “జాలిపడి గోల్ వదిలావో, ఊరుకోను.”

నోరీన్ తోటి పోలీసుల్ని పక్కకి తప్పుకోమని చెయ్యి ఊపింది. మాస్కు దించుకుని మోకాళ్లు వంచింది.

“రారా. ఈ ఏడూ నీకు వదలను.”