పైడమ్మ వంతు భయం

ఏ గుణమూ ఒంటరిగా ఉండదనీ, ఇంట్లో ఒకరు పడే భయమే మరొకరికి ధైర్యమై అందుతుందనీ ఆ లోకంలో జంటనీతి పెద్దలు తేల్చారు. అప్పటినుంచీ ప్రతి ఇంటి గోడకూ ఎవరి భయమెంతో చూపే ఓ కొలత అద్దం వచ్చింది. ఆ ఉదయం బియ్యం కడుగుతున్న పైడమ్మ దగ్గరకు కొలతల అధికారి మాత్ర పట్టుకొచ్చాడు.

“మీ భయం హద్దు దాటిందమ్మా. ఇది మింగితే సగానికి దిగుతుంది.”

పైడమ్మకు ఒళ్లు మండింది. “మా అమ్మాయి నీలవేణి గాలిమర కొసన బోల్టులు బిగిస్తోంది బాబూ. నా భయం దిగితే దాని ధైర్యమో?”

“అదీ సగమే. సమంగా తగ్గితేనే న్యాయం.”

“సమమేంటి? నేను నేలమీదున్నాను, అది ఆకాశంలో ఉంది. మీ అమ్మ భయపడకుండానే ఇంతవాడివయ్యావా?”

మాత్ర అతని చేతిలోనే వదిలేసి తలుపేసింది. గోడకు చేరగిలబడి, తాడు తెగినట్టు, కాలు జారినట్టు ఒక్కొక్కటీ తలచుకుంటూ, సాయంత్రం కూతురు గుమ్మంలో అడుగు పెట్టేదాకా శ్రద్ధగా భయపడింది.