చెరో సీసా

"ఆ సీసా నా దగ్గరికి తెచ్చావంటే ఊరుకోను!" అంది అత్తగారు, స్కాన్ గది బయట బెంచీ మీద బిగుసుకుని కూర్చుని.

"బ్లాడర్ నిండితేగానీ లోపల సరిగ్గా కనపడదట అత్తయ్యా. సీసా మొత్తం తాగాలన్నారు," అని బతిమాలింది కోడలు.

కనపడకపోతే అంతకన్నా కావలసిందేముంది! అత్తగారి భయమల్లా కనపడుతుందనే. యాభైకి దగ్గర పడిన మనిషి. మూణ్ణెల్లుగా నెలసరి లేదు. పొట్టేమో రోజురోజుకీ ముందుకొస్తోంది. గ్యాసు గ్యాసు అని అందరికీ చెప్పి నెట్టుకొచ్చింది. మనసాగక నిన్న పొద్దున మందుల షాపు నుంచి గర్భం ఉందో లేదో చెప్పే స్ట్రిప్పు తెచ్చి, గుట్టుగా చూసుకుంది.

రెండు గీతలు!

అప్పటినుంచీ ముద్ద దిగితే ఒట్టు. ఏ మొహం పెట్టుకుని చెబుతుంది? పెళ్లై ఐదేళ్లైనా ఒక నలుసు లేదని ఈ పిల్ల లోలోపల కుమిలిపోతోంది. నిన్నంతా కళ్లు వాచేలా ఏడ్చింది కూడా. ఏమ్మా అంటే ఉల్లిపాయలు తరిగానంది. ఉల్లిపాయలు కావు, నా సంగతి పసిగట్టేసి ఉంటుంది అనుకుని అత్తగారు సిగ్గుతో చచ్చిపోయింది. అడిగినవాళ్లని వదిలేసి అడగనివాళ్ల ఒళ్లో పడేస్తావేమయ్యా అని దేవుణ్ణి కూడా తిట్టుకుంది.

"సరే, నువ్వొక సీసా తాగు. అప్పుడు నేనూ తాగుతా," అంది.

"ఇదేం పంతం? స్కాన్ మీకు కదా!"

"అయితే పద ఇంటికి."

కోడలు మాత్రం తక్కువ తిందా? సంచీలోంచి రెండో సీసా తీసి, గటగటా తాగేసి, బోర్లించి చూపించింది. మాటిచ్చాక తప్పుతుందా! అత్తగారు కషాయం మింగినట్టు గుక్క గుక్కా మింగింది.

పిలుపొచ్చేసరికి అత్తాకోడళ్లిద్దరూ మోకాళ్లు దగ్గరికి నొక్కుకుని, ఒకర్నొకరు చూసుకుంటే నవ్వొస్తుందని చెరో గోడ వైపూ చూస్తున్నారు.

ఇద్దరూ లోపలికి వెళ్లారు. అత్తగారు మంచం మీద పడుకోగానే, డాక్టరమ్మ ఆవిడ పొట్ట మీద చల్లటి జెల్లీ రాసింది. అత్తగారు కళ్లు గట్టిగా మూసుకుంది.

"డాక్టరమ్మా, ఏమున్నా కాస్త మెల్లిగా చెప్పండి."

"ఉందమ్మా. బాగానే కనపడుతోంది."

అయిపోయింది. గంగలో కలిసింది పరువు.

"ఎన్నో నెల?" అంది పీలగా.

"నెలేంటి? గర్భసంచికి గడ్డ ఉంది. ఫైబ్రాయిడ్ అంటాం. నారింజకాయంత పెరిగింది, అందుకే పొట్ట అలా ఎత్తుగా ఉంది. భయపడాల్సిందేం కనపడట్లేదు. నెలసరి పూర్తిగా ఆగిపోయాక మామూలుగా అదే తగ్గుతుంది. అప్పుడప్పుడూ వచ్చి చూపించుకోండి, చాలు."

అత్తగారు ఒక కన్ను తెరిచింది.

"గడ్డేనా? బిడ్డ కాదూ?"

"బిడ్డా? లేదమ్మా."

"మీ నోట్లో పంచదార పొయ్య!" అని డాక్టరమ్మ చెయ్యి పట్టుకుని ఊపేసింది అత్తగారు. "నీ పొట్ట చల్లగుండా! ఎంత చల్లటి కబురు చెప్పావు తల్లీ!"

"గడ్డ ఉందంటే ఇంత సంబరపడ్డవాళ్లని నేనింతవరకు చూడలేదు," అంది డాక్టరమ్మ.

పక్కనే నిలబడ్డ కోడలు పకపకా నవ్వేసింది. "మీకా అనుమానం ఎందుకొచ్చింది అత్తయ్యా?"

"అనుమానమేంటే! స్ట్రిప్పు మీద రెండు గీతలు ఈ కళ్లతో చూశాను."

డాక్టరమ్మ నొసలు ముడిచింది. "గడ్డకి రెండు గీతలు రావే! ఎక్కడ పెట్టి చూశారు?"

"నిన్న పొద్దున బాత్రూములో, పైన వెంటిలేటర్ గట్టు మీద దాచానమ్మా. అక్కడైతే ఎవరి కంటా పడదని. ఇంతలో పాలు పొంగిపోతే వెళ్లి పొయ్యంతా తుడిచి, మళ్లీ వచ్చి మునివేళ్ల మీద లేచి తడిమి తీసుకున్నా."

కోడలి నవ్వు ఠక్కున ఆగిపోయింది. చేతిలో ఖాళీ సీసా జారి నేలమీద దొర్లింది.

"అత్తయ్యా... మీరు పొయ్యి తుడుస్తున్నప్పుడు నేను బాత్రూములోకి వెళ్లాను. నేనూ స్ట్రిప్పు అక్కడే దాచాను. కాసేపాగి వచ్చి తడిమితే, నా చేతికి దొరికినదాని మీద ఒక్కటే గీత ఉంది."

అత్తగారు నోరు తెరుచుకుని కోడల్ని చూసింది. వాచిన ఆ కళ్లని చూసింది. పొట్టనిండా జెల్లీతో, వయసూ గడ్డా రెండూ మర్చిపోయి, మంచం మీంచి ఒక్క గెంతు గెంతింది.

"ఆ రెండు గీతలూ నీవే పిచ్చిపిల్లా! ఎక్కు మంచం. నీళ్లెలాగూ తాగే ఉన్నావు!"