ఏడో రోజు దాకా

“బిడ్డకు పేరు పెట్టినారా?”

ఖాజామొహిద్దీన్ తలెత్తి చూశాడు. ఎవరో ముసలాయన. తెల్లటోపీ, మాసిన లుంగీ, చేతులకు గ్రీజు మరకలు.

ఉదయగిరిలో చెక్క గరిటెలు చెక్కుకునే ఖాజా, ఆత్మకూరు బస్టాండు వెనకున్న కాన్పుల ఆస్పత్రికి వచ్చి రెండు రోజులైంది. పెళ్లయిన ఆరేళ్లకు కలిగిన కొడుకు. నెలలు నిండకముందే పుట్టాడు. గాజుపెట్టెలో పెట్టారు. అలాంటప్పుడు ముక్కూమొహం తెలియని మనిషి పక్కన చేరి పేరు అడిగితే ఎవరికైనా ఒళ్లు మండుతుంది.

“ఏడో రోజు పొట్టేలు కోసి అఖీఖా చేసి పెట్టుకుంటాంలే తాతా,” అన్నాడు ముక్తసరిగా.

“ఈ పొద్దే పెట్టు నాయనా. చెవిలో అజాన్ చెప్పి, పేరు పెట్టి పిలువు. అఖీఖా ఏడో రోజే చేసుకో, ఎవురొద్దన్నారు?”

 పేరు ఖాజా ఎప్పుడో ఫోన్లో వెతికి ఎంచుకున్నాడు. భార్య జైతూన్‌కి కూడా చెప్పలేదు. ఏడో రోజు బంధువులందరి మధ్యా చెప్పి, ఆమె మొహం ఎలా వెలుగుతుందో చూడాలని ఆశ.

ముసలాయన ఊరుకునే రకం కాదు.

“నీ పేరేంది?”

“ఖాజామొహిద్దీన్.”

“అర్థం తెలుసునా?”

“మా జేజి పెట్టింది. అర్థం ఎవురడిగినారు?”

“మొహిద్దీన్ అంటే దీన్‌కి, అంటే మన మతానికి, ప్రాణం పోసేవాడని. మన పేర్లు రెండు మాటలు కలిస్తేనే నిండుతాయి నాయనా. నూర్ అంటే వెలుగు, నూరుల్లా అంటే అల్లా వెలుగు. అబ్ద్ అంటే దాసుడు. ఎవురికి దాసుడో చెప్పకపోతే ఆ మాట సగంలోనే ఆగిపోతాది. అబ్దుర్రహీం అంటే దయగలవాడి దాసుడు. మనోళ్లేమో ముందు మాట తెంచేసి ఉత్త రహీమూ అని పిలుస్తారు. అది అల్లా పేరు, మనిషి మోయగలడా?”

ఖాజా చెవులు వింటున్నాయి గానీ మనసు గాజుపెట్టె దగ్గరే ఉంది.

“ఇప్పుడంత తొందరేముండాది?” అన్నాడు.

ముసలాయన గొంతు తగ్గించాడు.

“ఖయామత్ రోజు, అల్లా తీర్పు చెప్పే రోజు, అందరినీ పేరు పెట్టి పిలుస్తారు. పేరు లేని బిడ్డను ఏమని పిలుస్తారు?”

అంతే, ఖాజాకి అరికాలి మంట నెత్తికెక్కింది.

“అంటే నా కొడుకు చస్తాడనా? శకునపక్షి మాదిరి వచ్చి కూర్చున్నావే. లెయ్ ఇక్కణ్ణించి.”

వాచ్‌మన్ కోటేశ్వర్ పరిగెత్తుకొచ్చాడు.

“పేర్ల తాతా, నీకెన్నిసార్లు చెప్పాల? సాయిబులింట్లో బిడ్డ పుడితే చాలు, వచ్చేస్తావు.”

“ఈయన్ని మళ్లీ గేటు లోపలికి రానిస్తే డాక్టరమ్మతో చెప్తా,” అన్నాడు ఖాజా.

ముసలాయన లుంగీ సర్దుకుని లేచాడు. ఖాజా మందుల చీటీ తీసుకుని విసురుగా బయటికి పోయాడు.

నాలుగో రోజు పొద్దున బిడ్డ పోయాడు.

కుట్లు ఆరని జైతూన్‌ని ఆమె తల్లి దగ్గర వదిలి, ఖాజా బిడ్డను ఒళ్లో పెట్టుకుని ఊరికి బయల్దేరాడు. దుత్తలూరు దాటేదాకా కంట తడి లేదు. ఉదయగిరి కొండ కనిపించాక మాత్రం ఆగలేదు.

ఖబరస్తాన్‌లో గుంత తీశారు. మసీదులో నమాజు చదివించే హజ్రత్ చావులు రాసే పుస్తకం తెరిచాడు.

“బిడ్డ పేరేంది?”

 సంబరంగా చెప్పాలని దాచుకున్న పేరును గుంత పక్కన నిలబడి ఎలా చెబుతాడు? జైతూన్‌కి ఫోన్ చేశాడు.

“పేరు అడుగుతా ఉండారు...” అన్నాడు. 

“అబ్దుల్ హై అని చెప్పు.”

“ఎవరు పెట్టినారు?”

“ఆ తాత. నువ్వు మందులకు పోయినప్పుడు నర్సమ్మ పాలు పట్టమని బిడ్డను నా చేతికిచ్చింది. గేటు దిక్కు పోతా ఉండే తాతను నేనే కిటికీలోంచి పిలిచినాను. కిటికీ దగ్గరికొచ్చి ఏడుస్తానే బిడ్డ చెవిలో అజాన్ చెప్పినాడు. ఎప్పటికీ బతికుండేవాడి దాసుడు అని అర్థం చెప్పినాడు. నువ్వు కోప్పడతావని నీకు చెప్పలేదు.”

హజ్రత్ రాసుకున్నాడు. పేరున్న బిడ్డను మట్టిలో పెట్టి ఖాజా కడుపారా ఏడ్చాడు. ఆ కాస్త ఊరటా తను గెంటేసిన మనిషి పెట్టిన భిక్షే.

చేసిన పాపం చెబితే పోతుందంటారు. నలభయ్యో రోజు గడవగానే, కాళ్లు పట్టుకోవాలని ఆత్మకూరు బస్సెక్కాడు.

ఆస్పత్రి ఎదురుగా ఇడ్లీలు అమ్మే ఓబమ్మను అడిగాడు.

“పేర్ల తాత ఎక్కడుంటాడు పెద్దమ్మా?”

“ఇంకెక్కడ తాత? పోయి పదైదు రోజులైంది నాయనా.”

ఖాజా బల్ల మీద కూలబడ్డాడు.

“ఏ మసీదు హజ్రత్తు ఆయన?”

“హజ్రత్తేంది? సైకిళ్లకు పంచర్లు వేసుకునేటోడు. ఇరవై ఏళ్ల కిందట ఈ ఆస్పత్రిలోనే కొడుకు పుట్టినాడు. ఏడో రోజు పేరు పెడదామని ఆగినాడు. ఆరో రోజు బిడ్డ పోయినాడు. ఇప్పుడన్నా పెట్టుకోమంటే, ‘పేరు బిడ్డ చెవిలో పడాల, మట్టికి చెప్తే ఏం లాభం’ అనేటోడు. అప్పట్నించి అందరి బిడ్డలకూ పేర్లు చెప్పేటోడు గానీ, కొడుక్కని అనుకున్న పేరు మాత్రం ఎవురికీ ఇయ్యలేదు.”

అడగడానికి భయమేసింది ఖాజాకి. అయినా అడిగాడు.

“ఎవురికీ ఇయ్యలేదా?”

ఓబమ్మ ఇడ్లీ పాత్ర మూత తీస్తూ చెప్పింది.

“కడాకు ఎవురో ఉదయగిరి బిడ్డకు ఇచ్చినాడంట. గేటు లోపలికి రానీకపోయినా ఇక్కడే కూర్చుని, ‘ఓబమ్మా, నా అబ్దుల్ హై ఉదయగిరిలో పెరగతా ఉండాడు’ అని పోయేదాకా అదే మురిపెం.”