కదలని కెమెరా

తెర మీద ఒక గోడ. గోడ మీద ఒక నీడ. అంతే సినిమా.

కథ లేదు, మాట లేదు, పాట లేదు. ముందు వరసలో ఒకాయన అప్పుడే గురక అందుకున్నాడు. చివరి వరసలో అక్క మాత్రం కన్నార్పకుండా చూస్తోంది. “నీకు విసుగొస్తుందే, రావద్దు” అని ముందే చెప్పాడు ఈ సినిమా తీసిన తమ్ముడు. ఆమె మనసాగక చెప్పకుండా వచ్చేసింది. కుట్టుమిషన్ తొక్కి వాణ్ణి చదివించింది తనే. రెండేళ్ళ కిందట వాడు తిండి మానేసి మూల కూర్చుంటే, “నీ తప్పేముందిరా” అని వీపు నిమిరి మళ్ళీ మనిషిని చేసిందీ తనే.

గోడ తమ ఇంట్లోదేనని గుర్తుపట్టగానే ఆమెకు నవ్వొచ్చింది. పెచ్చులూడిన ఈ గోడక్కూడా సినిమా యోగం పట్టిందన్నమాట.

నీడ మెల్లగా లేచింది. గాల్లో వణికింది. వాలిపోయింది. చాలాసేపటికి మళ్ళీ లేచింది. ఈసారి అంత ఎత్తుకు రాలేదు.

“చెట్టుకొమ్మేమో” పక్కావిడ గొణిగింది.

“కర్టెన్‌లే. ఇంకెంతసేపట?” అన్నాడు ఆవిడ భర్త.

మూడోసారి నీడ లేచినప్పుడు అక్క ముఖంలో నవ్వు లేదు.

ఆ తర్వాత నీడ లేవలేదు. ఖాళీ గోడే మిగిలింది. దీపాలు వెలిగాయి. చప్పట్లు మోగాయి.

తమ్ముడు వేదికెక్కాడు. ఒక విమర్శకుడు మైకందుకున్నాడు.

“అరగంట ఒక యుగంలా గడిచింది. ఎడిటింగ్‌లో సాగదీశారా?”

“లేదండీ. ఒక్క కత్తిరింపు కూడా లేదు. కాలాన్ని నేను ముట్టుకోలేదు. అక్కడెలా గడిచిందో అలాగే చూపించాను.”

“అయితే కెమెరా పెట్టేసి మీ పని మీద వెళ్ళిపోయారా?”

ఆ మాట తమ్ముడికి గుచ్చుకున్నట్టుంది.

“ఎక్కడికి వెళ్తానండీ? మొదట్నుంచీ చివరిదాకా కెమెరా వెనకే ఉన్నాను. వెలుగు మారుతుంటే చూసుకోవాలిగా. ఒక్క అడుగు ముందుకేసినా షాట్ పోయేది. ఊపిరి బిగబట్టి నిలబడ్డానంటే నమ్మండి.”

మళ్ళీ చప్పట్లు. గురక పెట్టినాయన అందరికంటే గట్టిగా కొట్టాడు.

“ఇంకెవరైనా అడుగుతారా?”

చివరి వరసలో అక్క లేచి నిలబడింది. తమ్ముడి ముఖం పాలిపోయింది. మైకు అందించబోతే ఆమె వద్దంది.

“నువ్వు మందులు తెచ్చేసరికే అమ్మ పోయిందన్నావు కదరా, మరి మంచం మీంచి ఆ చెయ్యి అంతసేపు ఎవరిని పిలిచింది?”