యూగ్లీనా ఎవరిది?

"కన్నున్న చెట్టును ఎక్కడన్న చూసిండ్రా, సార్?" అంది సుష్మ. ఆమె వృక్షశాస్త్రం లెక్చరర్.

"తన బువ్వ తనే వండుకునే జంతువును చూసిండ్రా, సార్?" అన్నాడు అయాజ్. అతనిది జంతుశాస్త్రం.

"మనిషి వండుకుంటలేడా?" అంది ల్యాబ్ బల్ల తుడుస్తున్న అంజవ్వ.

ప్రిన్సిపాల్ ఆత్మారాం మైక్రోస్కోపు మీద నుంచి తలెత్తారు. ఆయన లెక్కల మనిషి. బోధన్‌లోని ఈ చిన్న ప్రైవేటు కాలేజీకి వచ్చి మూడేళ్ళయినా, ఒక కన్ను మూసి ఇంకో కంటితో చూడటం ఆయనకు చేతకాలేదు. అద్దం కింద నిజాంసాగర్ కాలువ నీటి చుక్క ఉంది. అందులో ఒక ఆకుపచ్చ నలుసు తోక ఆడిస్తూ హాయిగా ఈదుతోంది. దాని పేరు యూగ్లీనా. ఒంట్లో పచ్చదనం, తలవైపు ఎర్రటి కంటిచుక్క. తన గురించి ఇంత రభస జరుగుతోందని దానికేం తెలుసు?

రభసంతా ఏకకణ జీవుల పాఠం ఎవరు చెప్పాలని. మొత్తం పన్నెండు పీరియడ్లు. పోయినేడు ఇద్దరూ నాదంటే నాదని కొట్టుకున్నారు. అప్పుడు సుష్మ "పచ్చగున్నది, మా చెట్ల జాతే" అంది. అయాజ్ "ఈదుతున్నది, మా జంతువే" అన్నాడు. ఈ సోమవారం మధ్యాహ్నం నుంచి మాత్రం ఇద్దరి నాలుకలూ మడతపడ్డాయి. ఇప్పుడు నీదంటే నీదంటున్నారు.

ఒట్టి బద్ధకం, అనుకున్నారు ఆత్మారాం. తాము కూర్చున్న కొమ్మను తామే నరుక్కుంటున్నారని ఆ పిచ్చివాళ్ళకు తెలీదు.

ఆ సంగతి ఆయనొక్కరికే తెలుసు. సోమవారం పొద్దున నిజామాబాద్‌లోని యాజమాన్యం నుంచి ఉత్తరం వచ్చింది. "అడ్మిషన్లు తగ్గినవి. బయాలజీకి ఇద్దరు అక్కర్లేదు. ఎవరికి పీరియడ్లు ఎక్కువుంటే వారిని ఉంచి, రెండోవారిని నెలాఖరుకు పంపేయండి." చూస్తే ఈ పాఠం కాక ఇద్దరికీ సరిగ్గా అరవై. ఈ పాఠం ఎవరికి దక్కితే వాళ్ళ ఉద్యోగం నిలుస్తుంది. ఆయన ఆ ఉత్తరాన్ని చదువురాని అంజవ్వకే ఇచ్చి, నకలు తీయించి ఫైల్లో పెట్టించారు. గుట్టు గుట్టుగానే ఉంది. ఆయనకే అన్నం సహించడం లేదు.

"సుష్మమ్మా, నా మాట విను. పాఠం తీసుకో. మీ ఇల్లంతా నీ జీతం మీదనే నడుస్తదంటివి."

"వద్దు సార్. అయాజ్ భాయ్ చెప్తేనే పిల్లలకు ఎక్కుతది."

"నువ్వన్న తీసుకో అయాజ్. ఇంట్ల నీ భార్య హమీదాకు ఏడో నెల. కొంచెం ఆలోచించు."

"ఆలోచించే వద్దంటున్న సార్. గీ టైంల ఎక్కువ పీరియడ్లు నాకెందుకు? సుష్మక్కకే ఇయ్యిండ్రి."

ఆత్మారాం తల పట్టుకున్నారు. అంజవ్వ సిలబస్ కాగితం తెచ్చి ముగ్గురి ముందూ తలా ఒకటి పెట్టింది. "నేనిచ్చే కాగితం ముగ్గురికీ అందాలె, మల్ల మల్ల చెప్పియ్యొద్దు" అని చేరిన కొత్తలో ఆయనే అన్నారు. ఆమె ఆ మాట జవదాటలేదు. ఒకసారి ఆయన షుగర్ మందుల చీటీ కూడా ముగ్గురికీ అందింది.

కాగితం మీద ఆయన చూపు ఒక మాట దగ్గర ఆగింది.

"ప్రోటిస్టా అంటే ఏంది?"

"అటు చెట్లల్ల, ఇటు జంతువులల్ల ఇమడని వాటికి పెట్టిన మూడో రాజ్యం సార్," అన్నాడు అయాజ్.

"అట్లని అవన్నీ చుట్టాలు గూడ కావు," అంది సుష్మ. "కలగూరగంప. యూగ్లీనా అండ్లనే, అమీబా అండ్లనే. ఇప్పుడు శాస్త్రవేత్తలు ఆ గంపను గూడ గుమ్మరించి మల్ల సర్దుతున్నరు."

"అంటే గిది నీది కాదు, ఆయనది గూడ కాదు?"

"కాదు," అన్నారిద్దరూ ఒక్కసారే. ఈ వారంలో వాళ్ళు ఒప్పుకున్న మొదటి మాట అదే.

ఆత్మారాం ముఖం వెలిగింది. పన్నెండును రెండుతో భాగిస్తే ఆరు. లెక్కల మనిషికి ఇంతకాలం తట్టలేదేమని తనను తానే తిట్టుకుంటూ గదిలోకి పోయి నిజామాబాద్‌కు ఫోన్ చేశారు.

"ఇద్దరికీ అరవై ఆరే సార్. ఎక్కువ ఎవరికీ లేదు."

"ఆ పాఠం ఒక్కరికే ఇయ్యరాదయ్యా?"

"అది మూడో రాజ్యం సార్. ఎండల పెడితె చెట్టు లెక్క, చీకట్ల పెడితె జంతువు లెక్క బతుకుతది. ఒక్కరే చెప్తె పిల్లలకు సగమే అందుతది."



"నాకైతే ఏం సమజ్ కాలే. సరే, ఇద్దర్నీ ఉండనియ్యి."

ఆత్మారాం ల్యాబ్‌కు దాదాపు ఉరికారు. "చెరో ఆరు పీరియడ్లు. ఇగ నోరెత్తొద్దు!"

సుష్మ చప్పున కళ్ళు తుడుచుకుని, మైక్రోస్కోపు దుమ్ము పడిందంది. అయాజ్ కిటికీ వైపు తిరిగి గట్టిగా నవ్వాడు. ఆరు పీరియడ్లు తప్పినందుకే ఇంత సంబరమా, అని ఆత్మారాం ఆశ్చర్యపోయారు. అయినా ఆయనకు ప్రాణం హాయిగా ఉంది. గదిలోకి వచ్చి అంజవ్వను పిలిచారు.

"సోమవారం వచ్చిన కాగితం తే, చింపేద్దాం. పాపం, వాళ్ళకు ఎన్నటికీ తెలువొద్దు."

"జిరాక్సు గూడనా సారు?"

"అది గూడ తే."

అంజవ్వ గడప దాకా పోయి వెనక్కి తిరిగింది.

"మీదొక్కటేనా సారు, ముగ్గురివీ తేవాల్నా?"