చచ్చాక నవ్వు

మాంచెస్టర్‌లో పుండరీకాక్షానికి ఇప్పుడు పనల్లా బెండకాయలు తరగడమే. టీవీలో ఆయన వేషాలన్నీ కంప్యూటర్లో తయారైన ఆయన బొమ్మే వేస్తోంది. నటులందరూ ముఖాలూ గొంతులూ కంపెనీలకిచ్చేసి ఇంటిపట్టున ఉండే కాలం అది.

బొమ్మ డాక్టరవుతుంది, కొట్టువాడవుతుంది, సీరియల్ మూడో భాగానికల్లా చచ్చిపోతుంది. ఒకప్పుడు ఆయన వేసినవీ అవే వేషాలు. అయితే చావు సీను కాగానే కెమెరా ఆపనిచ్చేవాడు కాదు. మన స్టూడియోల్లోలాగే, కీడు పోవడానికి, లేచి కెమెరాలోకి ఓసారి నవ్వేవాడు. భార్య వకుళ పెట్టిన షరతది. తెల్లవాళ్లు వింతగా చూస్తూనే ఆ నవ్వునీ తీసి దాచేవారు.

ఓ మధ్యాహ్నం కంపెనీ నుంచి హెలెన్ ఫోన్ చేసింది.

"మీ బొమ్మ చచ్చాక లేచి నవ్వుతోందండీ. ఎంత సరిచేసినా మానడం లేదు."

"నా పాత సీన్లు చూసేగా నేర్చుకుంది. చావంటే ఆ నవ్వుదాకా అనుకుంది పాపం."

"ఈ ఒక్క చావూ మీరే వచ్చి చేస్తారా?"

ఆయన్ని సెట్‌కి పిలిచి ఏళ్లయింది. సరేనని ఫోన్ పెట్టేశాక కూడా కత్తి పట్టుకుని అలాగే నిలబడిపోయాడు.

వకుళ కత్తి అందుకుని, ఇస్త్రీ చొక్కా చేతికిచ్చింది.

"వెళ్లి శుభ్రంగా చచ్చి రండి. వేపుడు చేసి ఉంచుతాను. నవ్వకుండా వచ్చారో, గడప దాటనివ్వను."